తెఉవో పురో గురించి రాస్తున్న అమ్మాయికి

చిరంజీవి అమ్మాయికి,

నీ వ్యాసం రెండుసార్లు చదివాను. ఫిన్లండ్ మూకీ సినిమాలు తీసిన మనిషి గురించి తెలుగులో రాయాలని నీకు తోచినందుకే నాకు చాలా సంతోషంగా ఉంది. అందుకే మొహమాటం లేకుండా చెబుతున్నాను.

మొదటి వాక్యంలోనే ‘బహుముఖ ప్రజ్ఞాశాలి’ అన్నావు. ఆ మాట తీసెయ్యి. సన్మాన సభల్లో అందరి మెడలోనూ పడే దండ అది. పురో నటించాడు, దర్శకత్వం చేశాడు, సినిమా కంపెనీ పెట్టినవాళ్లలో ఒకడయ్యాడు. నిజమే. కానీ అన్ని పనులూ ఆయనే ఎందుకు చేయాల్సి వచ్చింది? 1907లో ఆయనకు 22 ఏళ్లు. అప్పటికి ఫిన్లండ్ రష్యా సామ్రాజ్యంలో భాగం. ఆ దేశంలో అప్పటిదాకా ఒక్క కథాచిత్రం కూడా రాలేదు. సినిమా దర్శకుడు అనే పనే లేనిచోట నాటకాల కుర్రాడు ఆ పనికి దిగాడు. పక్కన నిలబడింది లూయీ స్పార్రె: స్వీడన్ నుంచి వచ్చిన కౌంట్, చిత్రకారుడు, కుర్చీలూ బల్లలూ డిజైన్ చేసినవాడు. ఈ ఇద్దరూ కలిసి అడవిలో దొంగచాటుగా సారా కాచేవాళ్ల కథ తీశారు. పేరు ‘సలవీనన్‌పొల్తయత్’. ఇది చెబితే చాలు, ప్రజ్ఞ సంగతి పాఠకులే చూసుకుంటారు.

ఇక్కడో చిన్న పొరపాటు దొర్లింది. ఆ సినిమా తీయించిన అపోలో స్టూడియో యజమాని స్టోల్‌బెర్గ్ ఫొటోగ్రాఫర్. ఫిన్లండ్ మొదటి అధ్యక్షుడు స్టోల్‌బెర్గ్ వేరు. ఇంటిపేరు ఒకటే, మనుషులు ఇద్దరు. సరిచెయ్యి.

అసలు బాధ నీ మూడో పేరాతో. సారా బట్టీ పొగ, తాగినవాళ్ల కళ్లు, పోలీసు రాగానే వాళ్ల ముఖాలు మారడం, అన్నీ బాగా రాశావు. కానీ తల్లీ, ఆ సినిమా ఇప్పుడు లేదు. ఒక్క ప్రింటూ మిగల్లేదు. నువ్వు చూడలేదు, నేనూ చూడలేదు. నీ వయసులో నేనూ ఇదే తప్పు చేశాను. పోయిన ఒక సినిమా గురించి చూసినట్టే రాస్తే, పత్రిక వేసేసింది. తర్వాత ఒక పెద్దాయన నుంచి కార్డు వచ్చింది: ‘బాబూ, ఎక్కడ చూశావు?’ అంతే రాశారు. ఆ రోజంతా అన్నం సహించలేదు. ఆ కార్డు ఇప్పటికీ నా దగ్గరే ఉంది. పోయిన సినిమాను పోయిందనే రాయి. పాఠకులకు ఆ లోటు తెలియాలి. 1913లో వచ్చిన పురో సినిమా ‘సిల్వి’లో కూడా మనకు మిగిలింది కొంత భాగమే.

నీకు చూడ్డానికి దొరికేది ‘అన్నా-లీసా’, 1922 నాటిది. దాన్ని మాత్రం నువ్వు రెండు లైన్లలో దాటేశావు! ఫిన్లండ్ రచయిత్రి మిన్నా కాంత్ 1895లో రాసిన నాటకం ఆధారంగా తీసిన సినిమా అది. ఆవిడ ఏడుగురు పిల్లల తల్లి, భర్త పోయాక కువోపియో ఊళ్లో కొట్టు నడుపుతూ నాటకాలు రాసింది. 1897లో చనిపోయింది. పదిహేనేళ్లకు రహస్యంగా బిడ్డను కని, చంపి, పూడ్చేసిన పిల్ల కథ ఈ నాటకం. పెళ్లి కుదిరాక ఆ బిడ్డ తండ్రి తిరిగొచ్చి బెదిరిస్తాడు. చివరికి ఆమె నలుగురి ముందూ నిజం చెప్పేస్తుంది.

నాటకమంతా నడిచేది మాటల మీద. నిజం చెప్పడమంటేనే నోరు విప్పడం. మూకీలో నోరు కదులుతుంది, గొంతు వినపడదు. మాటలు తెర మీద అక్షరాల కార్డులుగా వస్తాయి, అదీ ఫిన్నిష్‌లోనూ స్వీడిష్‌లోనూ. మిగతాదంతా ఆ పిల్లగా నటించిన హెల్మి లిండెలెఫ్ ముఖమే మోయాలి. పురో దీన్ని యుస్సి స్నెల్మన్‌తో కలిసి తీశాడు. ఇద్దరూ నటులే. మాటలతో బతికిన మనుషులు మాట లేకుండా ఎలా నెట్టుకొచ్చారు? నీ వ్యాసం అక్కడుంది.

కంపెనీ సంగతి క్లుప్తంగా చాలు. 1916 చివర్లో రష్యా అధికారులు సినిమాలు తీయడం నిషేధించారు, 1917లో స్వాతంత్ర్యం, 1918లో అంతర్యుద్ధం. 1919లో దర్శకుడు ఎర్కి కారు, పురో మొదలైనవాళ్లు పెట్టిన సంస్థే తర్వాత సువోమి-ఫిల్మి అనే సినిమా కంపెనీ అయింది.

ఇంకొకటి. పురోని ‘ఫిన్లండ్ రఘుపతి వెంకయ్య’ అనకు. వెంకయ్యగారి కష్టం వెంకయ్యగారిది, ఈయనది ఈయనది. అలా అంటే ఇద్దరిలో ఎవరూ సరిగ్గా కనిపించరు.

టెన్షన్ పడకు, తొందరేమీ లేదు. ‘అన్నా-లీసా’ చివరి సన్నివేశం మళ్లీ చూడు. ఆమె నోరు విప్పే ముందు చేతులు ఏం చేస్తున్నాయో, చుట్టూ ఉన్నవాళ్లు ఎటు చూస్తున్నారో కాగితం మీద పెట్టు. ముందు ఆ ఒక్క పేరా నాకు పంపు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు