టెక్ సందేహాలు: గాబర్ కిక్ డీజే బాక్సుల్లో ఎందుకు తుస్సుమంటోంది?

ప్రశ్న: పాటలు తయారుచేసే ఎఫ్ఎల్ స్టూడియో సాఫ్ట్‌వేర్‌లో 180 బీపీఎంతో (నిమిషానికి 180 దెబ్బలు) గాబర్ (చాలా వేగంగా, కటువుగా సాగే డ్యాన్స్ సంగీతం) ట్రాక్ చేశాను. కొన్న శాంపిల్ ప్యాక్‌ల్లోని (సిద్ధంగా దొరికే శబ్దాల కట్టలు) కిక్, అంటే బేస్ డ్రమ్ దెబ్బ, హెడ్‌ఫోన్స్‌లో అదిరిపోతోంది. నిమజ్జనం రోజు డీజే బాక్సుల్లో వేస్తే తుస్సుమంది. ఇంకో మంచి ప్యాక్ చెప్పండి.
- డిగ్రీ విద్యార్థి, మిర్యాలగూడ

జవాబు: ఇంకో ప్యాక్ చెప్పను, ఉన్నవి చాలు. ప్యాక్‌లో వచ్చే గాబర్ కిక్ అప్పటికే డిస్టార్షన్‌లో (శబ్దాన్ని కావాలనే పగలగొట్టడం) బాగా నలిగిన సరుకు. దాని మీద మీరు మళ్లీ డిస్టార్షన్, ఆపైన లిమిటర్ (శబ్దం హద్దు దాటకుండా నొక్కేది) పెడితే మొదటి దెబ్బ చచ్చిపోయి బుర్రుమనే తోకే మిగులుతుంది.

ముందు మాస్టర్‌ను, అంటే పూర్తయిన ట్రాక్‌ను, మోనోలో (కుడి, ఎడమ కలిపి ఒకే ధ్వనిగా) పెట్టి వినండి. ఊరేగింపు బాక్సులకు చాలాచోట్ల మోనోయే ఇస్తారు. కిక్ అడుగు భాగం స్టీరియోలో పరుచుకుని ఉంటే కుడి, ఎడమ ఒకదాన్నొకటి కొట్టేసుకుంటాయి. 150 హెర్ట్జ్ కింద అంతా మోనో చేయండి. తర్వాత కిక్ పొడవు చూడండి. 180 బీపీఎం అంటే రెండు కిక్‌ల మధ్య 333 మిల్లీసెకన్లే. తోక అంతకు మించితే తర్వాతి కిక్ మీద పడుతుంది.

ఇక సొంతంగా ఒకటి చేయండి. 1990ల మొదట్లో గాబర్ చేసిన నెదర్లాండ్స్‌లోని రోటర్‌డామ్ కుర్రాళ్ల దగ్గర ప్యాక్‌లేం లేవు. 1983లో వచ్చిన రోలాండ్ టీఆర్-909 డ్రమ్ మెషీన్‌లోని బేస్ డ్రమ్‌కు గెయిన్ (సిగ్నల్ బలం) ఇష్టమొచ్చినట్టు పెంచి దాన్ని పగలగొట్టారు, అంతే. మీరు ఉచితంగా దొరికే వైటల్ అనే సింథసైజర్ సాఫ్ట్‌వేర్‌లో ఒక సైన్ వేవ్ (ఒకే ఫ్రీక్వెన్సీ ఉన్న శుద్ధ ధ్వని) తీసుకోండి. పిచ్ ఎన్వలప్‌తో (స్వరం ఎత్తు కాలంతో ఎలా మారాలో చెప్పేది) పైనుంచి 50 మిల్లీసెకన్లలోపు 49 హెర్ట్జ్‌కు, అంటే జీ స్వరానికి, దించండి. దాన్ని గట్టిగా క్లిప్ చేస్తే, అంటే తరంగం కొసలు కోసేస్తే, 147, 245 హెర్ట్జ్ దగ్గర కొత్త ధ్వనులు పుడతాయి. చిన్న స్పీకర్లో కూడా కిక్ వినపడేది వీటి వల్లే. అసలు కిటుకు మాత్రం డిస్టార్షన్‌కు ముందు పెట్టే ఈక్యూలో (ఏ ఫ్రీక్వెన్సీ పెంచాలో, తగ్గించాలో చూసుకునేది) ఉంది. అక్కడ 300 హెర్ట్జ్ కాస్త పెంచి చూడండి, కిక్ గొంతే మారిపోతుంది. యూట్యూబ్ గురువులు గంటసేపు చెప్పేదీ ఇదే. డిస్టార్షన్‌ను ఒకేసారి విపరీతంగా పెంచకుండా కొంచెం కొంచెంగా రెండు మూడు దశల్లో చేసి, ప్రతి దశనూ ఆడియో ఫైల్‌గా బౌన్స్ (సేవ్) చేసుకోండి.

ప్రశ్న: బోనాలప్పుడు ఫోన్‌లో రికార్డ్ చేసిన డప్పును హార్డ్‌కోర్ (గాబర్ లాంటి వేగవంతమైన సంగీతం) ట్రాక్‌లో వాడొచ్చా?
- మహబూబ్‌నగర్ నుంచి ఓ పాఠకురాలు

జవాబు: బ్రహ్మాండంగా. మంట మీద కాచిన డప్పు మీద చిటికెన పుల్ల కొట్టే ‘టక్’ను కోసి కిక్ మొదట్లో అతికించండి. కొన్న ప్యాక్‌ల్లో అలాంటిది దొరకదు. కాకపోతే ఊరేగింపు మధ్యలో తీసిన రికార్డింగ్ పనికిరాదు. జనం అరుపులు, పక్క బాక్సుల మోత అన్నీ డిస్టార్షన్‌లో పైకి లేస్తాయి. డప్పు కొట్టే అన్నలను విడిగా పిలిచి, రెండు మూడు మీటర్ల దూరం నుంచి డబ్ల్యూఏవీలో (కుదించని ఆడియో ఫైల్) ఒక్కో దెబ్బ తీసుకోండి. పాటలో వాడతామని ముందే చెప్పండి, వాళ్ల సమయానికి డబ్బు కూడా ఇవ్వండి.

ప్రశ్న: రాయల్టీ ఫ్రీ ప్యాక్‌లోని శబ్దాలను నా పేరుతో ప్యాక్‌గా అమ్మొచ్చా?
- నల్లగొండ

జవాబు: కుదరదు. ఆ లైసెన్స్ సాధారణంగా పాటలో వాడుకోవడానికే. శబ్దాలు పంచుకునే ఫ్రీసౌండ్ వెబ్‌సైట్‌లో సీసీ0 (హక్కులు వదులుకున్నారన్న సూచన) గుర్తు ఉన్నవి మాత్రం ఎలాగైనా వాడుకోవచ్చు. నాన్‌కమర్షియల్ (వ్యాపారానికి వాడొద్దు) అని ఉంటే డబ్బులొచ్చే ట్రాక్‌లో కూడా పెట్టకండి.