టెక్ సందేహాలు: తమ్ముడికి ఇవ్వాల్సింది గేమ్, పాస్‌వర్డ్ కాదు

ప్రశ్న: నా దగ్గర పీఎస్5 (సోనీ వాళ్ల ప్లేస్టేషన్ 5 గేమ్ కన్సోల్) ఉంది. ఉద్యోగానికని వేరే ఊరెళ్లిన మా తమ్ముడు ఈమధ్య తనూ ఒకటి కొనుక్కున్నాడు. స్టోర్‌లో నేను కొన్న డిజిటల్ గేములు పాతిక దాకా ఉన్నాయి. ‘నీ పాస్‌వర్డ్ పంపు అన్నయ్యా, లాగినై ఆడుకుంటా’ అంటున్నాడు. ఇవ్వొచ్చా? ఇద్దరం ఒకే గేమ్‌ని ఒకేసారి ఆడే వీలుందా?

జవాబు: వీలుంది. మీ తమ్ముడు చెప్పిన పద్ధతిలో మాత్రం కాదు. మీ పేరుతో అతను ఆడుతుంటే, అదే సమయంలో మీరు అదే గేమ్ తెరిచారంటే ఇద్దరిలో ఒకరు బయటికి రావాల్సిందే. పైగా అతను గెలిచిన ట్రోఫీలు మీ ఖాతాలో పడతాయి, ఎవరు ఎంతవరకు ఆడారో గుర్తుపెట్టుకునే మీ సేవ్‌లూ అతని సేవ్‌లూ కలగాపులగం అవుతాయి. పాస్‌వర్డ్ ఇంకొకరికి ఇవ్వడం నిబంధనలకు విరుద్ధమన్న సంగతి సరేసరి.

డిజిటల్ గేమ్ లైసెన్సు రెండు రకాలుగా పనిచేస్తుంది. ఒకటి, అది మీ వెంట నడుస్తుంది. మీరు ఏ కన్సోల్‌లో లాగినైతే అక్కడ, ఇంటర్నెట్ ఉన్నంతసేపూ, మీ ప్రొఫైల్‌లో గేమ్ తెరుచుకుంటుంది. రెండు, మీరు ఎంచుకున్న ఒకే ఒక్క కన్సోల్‌కి అది అతుక్కుంటుంది. ఆ కన్సోల్ ముందు ఎవరు కూర్చున్నా, తమ సొంత ప్రొఫైల్‌తో, నెట్ లేకపోయినా ఆడుకోవచ్చు. పీఎస్4లో దీన్నే ‘ప్రైమరీ’ అనేవాళ్లు. పీఎస్5లో ‘కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే’ అంటున్నారు. మైక్రోసాఫ్ట్ వాళ్ల కన్సోల్ ఎక్స్‌బాక్స్‌లో దాని పేరు ‘హోమ్ ఎక్స్‌బాక్స్’.

దాదాపు అందరూ ఈ రెండో హక్కును తమ సొంత కన్సోల్ మీదే ఖర్చు పెట్టేస్తారు. మన కన్సోల్‌లో మనం ఎలాగూ లాగినై ఉంటాం, మొదటి హక్కే సరిపోతుంది. కాబట్టి మీ పీఎస్5లో సెట్టింగ్స్ తెరిచి, యూజర్స్ అండ్ అకౌంట్స్‌లో ‘అదర్’ కింద ఉన్న ఈ ఆప్షన్ తీసేయండి. తమ్ముడి పీఎస్5లో పెట్టండి. అప్పుడు అతను తన ప్రొఫైల్‌తో, తన ట్రోఫీలతో ఆడుకుంటాడు. అదే గేమ్‌ని అదే నిమిషంలో మీరు మీ ఇంట్లో ఆడుకుంటారు. మీకు ప్లేస్టేషన్ ప్లస్ (సోనీకి డబ్బు కట్టి తీసుకునే చందా) ఉంటే అతనికీ ఆన్‌లైన్ ఆటలు, నెలనెలా వచ్చే గేములు అందుతాయి. క్లౌడ్ స్టోరేజ్ మాత్రం మీ ఒక్కరిదే.

వేరే ఊళ్లో ఉన్న అతని కన్సోల్‌లోకి పాస్‌వర్డ్ చెప్పకుండా వెళ్లడం ఎలా? అతను ఇంటికొచ్చినప్పుడో, మీరు వెళ్లినప్పుడో మీ చేత్తో మీరే లాగినవడం అన్నిటికన్నా మేలు. అంతవరకూ ఆగలేమంటే, పీఎస్5 లాగిన్ తెర మీద క్యూఆర్ కోడ్ వస్తుంది. వీడియో కాల్‌లో తమ్ముడు దాన్ని చూపిస్తే మీ ఫోన్‌తో స్కాన్ చేసి అనుమతి ఇవ్వొచ్చు. ఇది అతని మొహం చూస్తూ చేయాల్సిన పని. ఎవరో పంపిన క్యూఆర్ ఫొటోని స్కాన్ చేశారంటే, వాళ్ల కన్సోల్‌లోకి మీ అకౌంట్‌ని మీరే చేయిపట్టుకుని తీసుకెళ్లి కూర్చోబెట్టినట్టు.

ఇందులో మీకు రెండు నష్టాలున్నాయి. మీ ఇంట్లో నెట్ పోతే మీ సొంత గేముల మీద తాళం గుర్తు పడుతుంది. నేను ఇలాగే తమ్ముడి వరస వాడొకడికి ఉదారంగా ఇచ్చేసి, ఓ ఆదివారమంతా నెట్ రాక, డబ్బులు పోసి కొన్న గేముల వంక గుడ్లప్పగించి చూస్తూ కూర్చున్నాను. ఆ రోజు వాడు మాత్రం హాయిగా ఆడుకున్నాడట. రెండో నష్టం ఇంకా పెద్దది. మీ కన్సోల్‌లో మీ భార్యాపిల్లలు వేరే ప్రొఫైళ్లు వాడుతుంటే, మీ గేములు వాళ్లకిక తెరుచుకోవు. ఇంట్లో ఇంకెవరైనా ఆడేట్టయితే తమ్ముడికి ఇచ్చే ముందు వాళ్లనో మాట అడగండి.

మీ ప్రొఫైల్ అతని కన్సోల్‌లో ఉండిపోతుంది కదా, అందుకని దానికి నాలుగంకెల పాస్‌కోడ్ పెట్టండి. కొనే ముందు పాస్‌వర్డ్ అడిగే సెట్టింగ్ ఆన్ చేయండి. తమ్ముడి మీద అనుమానంతో కాదు, తమ్ముడి స్నేహితుల కోసం. ఇక గేమ్ లోపల కొనే నాణేల్లాంటివి ఎవరివి వాళ్లవే, పంచుకోవడం కుదరదు. డిస్క్ మీద కొన్న గేములకూ ఈ ఏర్పాటు వర్తించదు, వాటికి డిస్కే తాళంచెవి.

ఎక్స్‌బాక్స్ వాడేవాళ్లకూ లెక్క ఇదే. గేమ్ పాస్ (చందా కట్టి గేములు ఆడే పథకం) ఉంటే హోమ్ ఎక్స్‌బాక్స్‌లో అందరికీ పనిచేస్తుంది. అక్కడ హోమ్‌ని ఏడాదికి 5 సార్లే మార్చగలరు. చుట్టాలందరికీ వంతులవారీగా ఇద్దామనుకుంటే మార్చిలోపే కోటా అయిపోతుంది.

ప్రశ్న: మా అమ్మాయికొకటి, నాకొకటి రెండు స్విచ్‌లు (నింటెండో కన్సోళ్లు) ఉన్నాయి. అప్‌డేట్ అయ్యాక ‘వర్చువల్ గేమ్ కార్డ్’ అంటూ ఏదో వచ్చింది. అమ్మాయికి ఇచ్చిన గేమ్ రెండు వారాలకి మాయమైంది. డబ్బులు పోయినట్టేనా?

జవాబు: పోలేదు, గేమ్ మీ దగ్గరికే తిరిగొచ్చింది. నింటెండో 2025లో స్విచ్ 2 విడుదలకు కాస్త ముందు తెచ్చిన పద్ధతి ఇది. డిజిటల్ గేమ్‌ని కూడా డబ్బాలో వచ్చే కార్డులాగే చూస్తుంది: ఒక స్విచ్‌లోంచి తీసి ఇంకో స్విచ్‌లో పెట్టినట్టు. ఫ్యామిలీ గ్రూప్‌లో 8 మంది దాకా ఉండొచ్చు. వాళ్లకు అరువివ్వాలంటే ఇద్దరి స్విచ్‌లూ పక్కపక్కన ఉండాలి, గడువు 14 రోజులు. గడువు తీరగానే గేమ్ దానంతటదే వెనక్కి వస్తుంది. మీ అమ్మాయి ఎంతవరకు ఆడిందో ఆ సేవ్ ఆమె స్విచ్‌లోనే భద్రంగా ఉంటుంది. మళ్లీ అరువిస్తే ఆగిన చోటి నుంచే మొదలు. గేమ్ అరువులో ఉన్నన్నాళ్లూ మీరు ఆడలేరు. పుస్తకం అరువిచ్చినప్పుడు మీ అరలో ఖాళీ ఉంటుంది కదా, అంతే.

నాకైతే ఈ పద్ధతి నచ్చింది. ఎవరి దగ్గర ఏముందో పిల్లలకి కూడా తెలుస్తుంది. గేములు పంచుకోవడాన్ని కష్టం చేయబోయిన రోజులూ ఉన్నాయి. 2013 జూన్‌లో, ఎక్స్‌బాక్స్ వన్ విడుదలకు ముందు, మైక్రోసాఫ్ట్ 24 గంటలకోసారి కన్సోల్ నెట్‌కి తగలాల్సిందేనంది, డిస్కులు చేతులు మారడం మీదా ఆంక్షలు పెట్టబోయింది. సోనీ వెంటనే ‘పీఎస్4లో గేమ్ పంచుకోవడం ఎలా’ అంటూ అరనిమిషం కూడా లేని వీడియో వదిలింది. అందులో ఒకాయన డిస్క్ డబ్బా ఇంకొకాయన చేతిలో పెడతాడు, ఆయన థాంక్స్ అంటాడు, అయిపోయింది. జనం నవ్విన నవ్వుకి మైక్రోసాఫ్ట్ ఆ నెలలోనే వెనక్కి తగ్గింది. దాంతోపాటే కుటుంబంలో పదిమంది దాకా గేములు పంచుకునే ఏర్పాటు కూడా పోయింది. 

ప్రశ్న: పొద్దున లేచేసరికి ‘మీ సైన్ ఇన్ ఐడీ మారింది’ అని మెయిల్ వచ్చింది. ప్లేస్టేషన్ అకౌంట్‌లోకి వెళ్లలేకపోతున్నాను. కార్డు కూడా అందులో ఉంది. బ్యాంకుకి చెప్పి డబ్బులు వెనక్కి తెప్పించుకోనా?

జవాబు: కార్డు బ్లాక్ చేయించండి, ఇప్పుడే. కానీ ‘ఈ లావాదేవీ నాది కాదు’ అని బ్యాంకులో ఫిర్యాదు పెట్టే ముందు కంపెనీ సపోర్ట్‌తో మాట్లాడండి. ఈ రెండూ వేర్వేరు పనులు. బ్యాంకు డబ్బు వెనక్కి లాగేస్తే కంపెనీ దాన్ని బాకీగా చూసి అకౌంట్‌ని సస్పెండ్ చేస్తుంది. అప్పుడు దొంగా లోపలికి పోలేడు, మీరూ పోలేరు.

అకౌంట్ కన్నా ముందు మీ మెయిల్ సంగతి చూడండి. గేమ్ అకౌంట్లు పోయినప్పుడు చాలాసార్లు దొంగ వచ్చిన దారి మెయిలే. దాని పాస్‌వర్డ్ మార్చి, అన్ని చోట్లా సైన్ అవుట్ చేసి, సెట్టింగ్స్‌లో ఫార్వార్డింగ్ ఉందేమో వెతకండి. మీ మెయిళ్ల కాపీలు తన చిరునామాకి వెళ్లేట్టు ఎవరైనా పెట్టుకుని ఉంటే, మీరు ఎన్ని పాస్‌వర్డ్‌లు మార్చినా రీసెట్ లింకు వాళ్లకీ వెళ్తూనే ఉంటుంది. రికవరీ ఫోన్ నంబరు మీదేనా అన్నది కూడా చూడండి.

ఆ తర్వాత సపోర్ట్. అకౌంట్ మీదేనని రుజువు చేయడానికి పాత కొనుగోళ్ల రసీదులు, లావాదేవీ నంబర్లు, కన్సోల్ వెనక ఉండే సీరియల్ నంబరు దగ్గర పెట్టుకోండి. అంటే ఇవి కూడా తాళంచెవుల్లాంటివే. ‘ఇవాళ ఈ గేమ్ కొన్నాను’ అని రసీదు స్క్రీన్‌షాట్ నలుగురికీ చూపించే అలవాటుంటే మానేయండి. మీరు చూపిన నంబరే ఇంకొకరు సపోర్ట్‌కి చదివి వినిపించొచ్చు.

అకౌంట్ చేతికొచ్చాక పాస్‌వర్డ్ మార్చి, అన్ని పరికరాల నుంచీ సైన్ అవుట్ చేసి, రెండంచెల ధ్రువీకరణ (పాస్‌వర్డ్‌తో పాటు ఒక కోడ్ కూడా అడిగే పద్ధతి) పెట్టండి. ప్లేస్టేషన్‌లో ఇది 2016లో గానీ రాలేదు. 2011 ఏప్రిల్‌లో వాళ్ల నెట్‌వర్క్‌లోకి దొంగలు చొరబడి సుమారు 7.7 కోట్ల అకౌంట్ల వివరాలు ప్రమాదంలో పడి, సర్వీసు 23 రోజులు ఆగిపోయాక కూడా అయిదేళ్లు పట్టింది. ఎస్సెమ్మెస్ కోడ్ కన్నా ఫోన్‌లోనే కోడ్ తయారుచేసే అథెంటికేటర్ యాప్ నయం, ఎందుకంటే మీ సిమ్‌ని ఇంకొకరు డూప్లికేట్ తీయించుకుంటే ఎస్సెమ్మెస్ వాళ్లకే వెళ్తుంది. అన్నిటికన్నా పాస్‌కీ మంచిది. ఫోన్‌లో వేలిముద్రతోనో మొహంతోనో లాగినవుతారు, దొంగ వెబ్‌సైట్‌లో టైప్ చేయడానికి పాస్‌వర్డంటూ ఉండదు. ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్, నింటెండో మూడింట్లోనూ ఉంది. రెండంచెల ధ్రువీకరణ పెట్టినప్పుడు ఇచ్చే బ్యాకప్ కోడ్లను కాగితం మీద రాసి బీరువాలో పెట్టండి. ఆ ఫోన్‌లోనే ఫొటో తీసి దాచుకుంటే, ఫోన్ పోయిన రోజు కోడ్లూ పోతాయి.

పాత అకౌంట్లు ఏవైనా దీనికి జోడించి ఉన్నాయేమో కూడా చూసుకోండి. 2020లో నింటెండోలో 1,60,000 అకౌంట్లలోకి వేరేవాళ్లు వెళ్లారని తేలింది, తర్వాత లెక్క 3 లక్షలకు చేరింది. వాళ్లు వచ్చింది పాత కన్సోళ్ల కాలంనాటి ఐడీల గుండా. ముందు తలుపుకి కొత్త తాళం వేసి, దొడ్డి తలుపు మర్చిపోయినట్టయింది.

ప్రశ్న: కొత్త గేమ్ సగానికన్నా తక్కువ ధరకే ఇస్తానంటే ఒకతని దగ్గర ‘అకౌంట్’ కొన్నాను. మూడు నెలలు బాగా ఆడింది. ఇప్పుడు గేమ్ మీద తాళం గుర్తు కనిపిస్తోంది. అతను ఫోన్ ఎత్తట్లేదు.

జవాబు: ఎత్తడు. మొదటి జవాబులో చెప్పిన రెండు హక్కులనే అతను ముక్కలు చేసి అమ్ముతున్నాడు. ఒకరికి అతుక్కునే హక్కు, ఇంకొకరికి వెంట నడిచే హక్కు. మీకు అమ్మింది అతుక్కునే హక్కైతే, అకౌంట్ ఇంకా అతని మెయిల్ మీదే ఉంది కాబట్టి, వెబ్‌సైట్‌లోంచి అన్ని కన్సోళ్లనూ ఒక్క నొక్కుతో డీయాక్టివేట్ చేసి అదే గేమ్‌ని మరొకరికి అమ్ముకోగలడు. ప్లేస్టేషన్‌లో ఆ మీట ఆరు నెలలకోసారే పనిచేస్తుంది, కాబట్టి అతను కొంచెం ఓపిక పట్టాలి, అంతే. దొంగ కార్డుతో కొన్న అకౌంటే అయితే కంపెనీయే మూసేసి ఉండొచ్చు. కంపెనీకి ఫిర్యాదు చేసినా మీ పేరుతో కొన్న రుజువు లేదు. మీ కన్సోల్‌లోంచి ఆ ప్రొఫైల్‌ని తీసేయండి. అతను చెప్పినప్పుడు మీ సొంత పాస్‌వర్డ్ ఎక్కడైనా కొట్టి ఉంటే మార్చేయండి.

ప్రశ్న: పాత పీఎస్4 అమ్మేశాను. ఫ్యాక్టరీ రీసెట్ చేయకుండానే ఇచ్చేశాను. ఇప్పుడేం చేయాలి?

జవాబు: పైన చెప్పిన మీట మీలాంటివాళ్ల కోసమే. వెబ్‌సైట్‌లో అకౌంట్ సెట్టింగ్స్‌కి వెళ్లి డివైస్ మేనేజ్‌మెంట్‌లో పీఎస్4లన్నిటినీ డీయాక్టివేట్ చేయండి. తర్వాత పాస్‌వర్డ్ మార్చి, అన్ని చోట్లా సైన్ అవుట్. మీ దగ్గర ఇంకో పీఎస్4 ఉంటే దాన్ని మళ్లీ ప్రైమరీగా పెట్టుకోవాలి. ఈ ఆరు నెలల్లో ఆ మీట ఇప్పటికే ఒకసారి వాడేసి ఉంటే, కొన్నాయనకి ఫోన్ చేసి మీ ప్రొఫైల్ తీసేయమని అడగండి. మర్యాదస్తుడైతే తీసేస్తాడు. మీ సేవ్‌లు ఆ హార్డ్‌డిస్క్‌లోనే ఉండిపోయి ఉంటాయి. తీసేసే ముందు వాటిని యూఎస్‌బీలోకి కాపీ చేసి ఇమ్మని కూడా అడిగి చూడండి, పీఎస్4లో ఆ వెసులుబాటు ఉంది.