చిప్ డేటా దాచే పద్ధతి: కావలిలో చదివే అమ్మాయికి పెదనాన్న జాబు

అమ్మణ్ణీ,

అరవై శాంపిళ్ల మైక్రోయారే (ఒకే చిప్ మీద వేల జీన్ల పనితీరు కొలిచే పద్ధతి) డేటా అంతా ఎక్సెల్‌లో పెట్టానని రాశావే, ముందు ఆ ఫైలు మూసెయ్. సేవ్ మాత్రం చేయబాక. 'సెప్ట్2' అనే జీన్ పేరుని అది సెప్టెంబరు 2 అనుకుని తేదీగా మార్చేస్తాది. ఈ బాధ పడలేకే 2020లో ఆ జీన్లకి సెప్టిన్2 లాంటి కొత్త పేర్లు పెట్టారు. పాత ఫైళ్లలో పాత పేర్లే ఉండాయి. కాబట్టి జీన్ పేరుని కీగా, అంటే వరసని గుర్తుపట్టే ఆనవాలుగా, పెట్టుకోబాక. ప్రోబ్‌సెట్ (జీన్‌ని కొలిచేదానికి చిప్ మీద ఉండే డీఎన్ఏ ముక్కల గుంపు) ఐడీ వాడు.

డేటాబేస్‌కి ఎస్‌క్యూలైట్ చాలు, అంతా ఒకే ఫైల్లో ఉంటాది. ఒక్కదానివి వాడేదానికి సర్వర్ ఎందుకు? జియోలో (GEO, ఇట్టాంటి డేటా అందరికీ దొరికే ఆన్‌లైన్ భండారం) చిప్ రకానికి జీపీఎల్, శాంపిల్‌కి జీఎస్ఎం, స్టడీకి జీఎస్ఈ నంబర్లు ఉంటాయి కదా, నీ టేబుళ్లూ అట్టానే విడగొట్టు. విలువల టేబుల్ వేరు: జీఎస్ఎం, ప్రోబ్‌సెట్, విలువ, అంతే. మొదటి రెండూ కలిపి ప్రైమరీ కీ, అంటే ఆ జంట రెండోసారి రాకూడదు. జీపీఎల్570 అనే చిప్‌లో 54,675 ప్రోబ్‌సెట్లు, అరవై శాంపిళ్లకి 32,80,500 వరసలు. అంతా ఒకే ట్రాన్సాక్షన్‌లో, అంటే ఒకే విడత సేవ్ అయ్యేటట్టు, ఎక్కించు. వరసకొకటి అయితే ప్రతిసారీ డిస్కు మీద రాసుకుంటా తెల్లవార్లూ కూర్చుంటాది. డేటా ఎక్కించాక ప్రోబ్‌సెట్ మీద ఇంకో ఇండెక్సు (పుస్తకం చివర పదాల పట్టీ లాంటిది) కట్టు, లేకపోతే ఒక్క జీన్ వెతకాలన్నా టేబులంతా గాలించాలి.

శాంపిల్ టేబుల్ దగ్గర బద్ధకించబాక. చీటీ లేని వడ్ల బస్తా మొలకొలుకులో బీపీటీనో ఎవరు చెప్తారు? కణజాలం, జబ్బు, వయసుతో పాటు స్కాన్ తేదీ కూడా రాయి, సెల్ ఫైలు (.CEL, చిప్ స్కాన్ నుంచి వచ్చే ముడి కొలతల ఫైలు) హెడర్‌లోనే దొరుకుతుంది. రోగుల చిప్పులన్నీ ఒకరోజు, ఆరోగ్యవంతులవి ఇంకోరోజు స్కాన్ చేసి ఉంటే, కనిపించే తేడా జబ్బుదో తేదీదో ఏ సాఫ్ట్‌వేరూ విడదీయలేదు. అట్టాంటి స్టడీ వదిలెయ్.

సెల్ ఫైళ్లు విడిగా ఒక ఫోల్డర్‌లో, రీడ్ ఓన్లీగా. వాటిమీద ఆర్ఎంఏ (ముడి కొలతలని సరిచేసి ప్రోబ్‌సెట్‌కొక విలువ ఇచ్చే పద్ధతి) నడిపితే వచ్చేది అప్పటికే లాగ్2, అంటే 2 ఆధారంగా తీసిన లాగరిథం. మళ్లీ లాగ్ తీస్తే తేడాలన్నీ నలిగిపోతాయి. జియోలో రెడీగా దొరికే మ్యాట్రిక్స్ ఫైలు (విలువల పట్టిక) తీసుకుంటే గరిష్ఠ విలువ చూడు: వేలల్లో ఉంటే లాగ్ తీయలేదన్నమాట.

ఒక జీన్‌కి మూడు నాలుగు ప్రోబ్‌సెట్లు ఉంటే కళ్లు మూసుకుని సగటు తీయబాక. ఐడీ '_ఎక్స్_ఏటీ' (_x_at) అని ముగిసే ప్రోబ్‌సెట్లు వేరే జీన్లకీ అంటుకోవచ్చు, వాటిని పక్కన పెట్టి చూడు.

ముందు రెండే శాంపిళ్లు ఎక్కించు. వరసల లెక్క 1,09,350 వస్తే మిగతా యాభై ఎనిమిదీ తోలు.

పెదనాన్న