మబ్బు పడితే నిద్ర పట్టడం లేదు

ప్రశ్న: మాది విజయవాడ సింగ్ నగర్. నా వయసు 46. 2024 సెప్టెంబరు బుడమేరు వరదలో మూడు రోజులు మేడ మీదే ఉండిపోయాం. ఇప్పటికీ మబ్బు పడితే గుండె దడ. రాత్రి పదేపదే లేచి వీధిలోకి, ఫోన్‌లో నీటి మట్టం వార్తల్లోకి చూస్తున్నాను. మావారు పిరికితనం అంటున్నారు. నిద్ర మాత్ర వాడవచ్చా?

సమాధానం: మీది పిరికితనం కాదు. గుమ్మం దాటి వచ్చిన నీటిని ఒకసారి చూసిన శరీరం మబ్బునే హెచ్చరికగా తీసుకుని మిమ్మల్ని లేపుతోంది. ‘మళ్లీ రాదులెండి’ అనే ధైర్యం మాత్రం నేను చెప్పను. బుడమేరు ఏ ఏడు ఎలా వస్తుందో వైద్యుడు చెప్పగలిగింది కాదు; రాదన్న హామీ దొరికాకే పడుకుంటానంటే నిద్ర ఎప్పటికీ రాదు.

ఫోన్ చూసిన ప్రతిసారీ మనసు కొద్ది నిమిషాలు కుదుటపడుతుంది గానీ, చూశాను కనుకనే క్షేమంగా ఉన్నానని నమ్మి, కాసేపటికి మళ్లీ చూడమంటుంది. అందుకని వానాకాలం మొదట్లోనే పత్రాలు, మందులు, టార్చిలైటు ఒక సంచిలో సర్ది అటక మీద పెట్టి, నీరొస్తే ఎవరింటికి వెళ్లాలో ఇంటిల్లిపాదీ అనుకోండి. ఆపైన అధికారిక సమాచారాన్ని ఉదయం ఒకసారి, సాయంత్రం ఒకసారి చూస్తే చాలు. వరద హెచ్చరిక వచ్చిన రాత్రి సంగతి వేరు. అప్పుడు ఇంట్లో వంతులు వేసుకుని మేలుకోండి, అంతా మీ నెత్తిన వేసుకోకండి. అన్నట్టు, ఆ మూడు రోజులూ మీవారూ ఆ మేడ మీదే ఉన్నారు కదా. ఆయనకు ఎలా ఉందో ఎవరైనా అడిగారా?

మందుల షాపులో అడిగి తెచ్చుకునే నిద్ర మాత్రలు వద్దు. అల్ప్రాజోలం వంటివి కొద్ది వారాల్లోనే అలవాటుగా మారతాయి, అసలు భయాన్ని అలాగే ఉంచుతాయి. మీ వయసులో గుండె దడకు థైరాయిడ్, రక్తహీనత, నెలసరి ఆగే దశలో వచ్చే మార్పులు కూడా కారణం కావచ్చు కనుక ముందు ఆ పరీక్షలు చేయించుకోండి.

నీటి కలలు రావడం, ఆ దృశ్యాలు కళ్ల ముందు కదలడం, ఆ మాట ఎత్తితేనే తప్పించుకోవాలనిపించడం నెలకు మించి ఉండి ఇంటి పనులు సాగనివ్వకపోతే, అది చికిత్స అవసరమైన రుగ్మతే. దానికి మాటలతో చేసే చికిత్స ప్రధానం, అవసరాన్ని బట్టి మానసిక వైద్యులు మందులు కూడా ఇస్తారు. వెళ్లడానికి సంకోచమైతే ముందు ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయవాణి టెలి మానస్ నంబరు 14416కు ఫోన్ చేయండి. ఉచితం, తెలుగులో మాట్లాడవచ్చు. చనిపోవాలన్న ఆలోచన వస్తే మాత్రం అదే రోజు ఇంట్లో చెప్పి, ఆసుపత్రికి వెళ్లండి.