ఫ్లాషింగ్‌లో ఐఎంఈఐ ఎగిరిపోయింది... షాపు మీద కేసు నిలుస్తుందా?

ప్రశ్న: మాది ఖమ్మం. మీడియాటెక్ చిప్ ఉన్న నా ఫోను లోగో దగ్గరే ఆగిపోతుంటే హైదరాబాద్‌లో ఒక షాపులో ఇచ్చాను. ఫ్లాషింగ్ అంటూ మళ్లీ సాఫ్ట్‌వేర్ కొట్టి 1,800 తీసుకున్నారు. చనిపోయిన మా అమ్మ ఫొటోలన్నీ పోయాయి, సిమ్ కూడా పనిచేయడం లేదు. అడిగితే, ఇంకో 500 ఇస్తే వేరే ఐఎంఈఐ ఎక్కిస్తామంటున్నారు. బిల్లు లేదు. 20 నెలలైంది. న్యాయం జరుగుతుందా?

జవాబు: మీ ఉత్తరమంతా ఫొటోల గురించే. కేసు గెలిపించేది మాత్రం ఐఎంఈఐ, అంటే ప్రతి ఫోనుకూ విడిగా ఉండే గుర్తింపు నంబరు. *#06# కొడితే నంబరు రావడం లేదంటే ఫోన్లో ఆ నంబరు దాచి ఉంచే ఎన్వీర్యామ్ అనే భాగం చెరిగిపోయి ఉండాలి. మీడియాటెక్ ఫోన్లకు సాఫ్ట్‌వేర్ ఎక్కించే ఎస్పీ ఫ్లాష్ టూల్‌లో 'డౌన్‌లోడ్ ఓన్లీ' పెడితే టిక్ చేసిన భాగాలే మారతాయి. 'ఫార్మాట్ ఆల్ ప్లస్ డౌన్‌లోడ్' పెడితే ఐఎంఈఐతో సహా మొత్తం తుడిచిపెట్టుకుపోతుంది. లోగో దగ్గర ఆగిన ఫోనుకు ముందు మొదటిదే చూడాలి. రెండోది తప్పనిసరైతే ఎన్వీర్యామ్ బ్యాకప్ తీసుకుని, మిమ్మల్ని అడిగి చేయాలి. ఆ పని చేయకపోవడమే సేవాలోపం.

"ఫోను తెచ్చినప్పుడే ఐఎంఈఐ లేదు" అని షాపువాళ్లు అంటారు, చూస్తూ ఉండండి. ఫోను ఆగిపోయే ముందు రోజు వరకు కాల్స్ వెళ్లాయని కాల్ రికార్డుల్లో ఉంటుంది, వాటిలో ఐఎంఈఐ కూడా నమోదవుతుంది. సిమ్ కంపెనీ నుంచి వాటిని తెప్పించమని వినియోగదారుల కమిషన్‌ను కోరండి. రికార్డులూ ఎల్లకాలం ఉండవు.

ఆ 500 రూపాయల పనికి ఒప్పుకోవద్దు. 2023 టెలికమ్యూనికేషన్స్ చట్టం 42వ సెక్షన్ కింద ఐఎంఈఐ మార్చడం నేరం. మార్చారని తెలిసీ ఆ ఫోను దగ్గర పెట్టుకున్నా నేరమే. మూడేళ్ల వరకు జైలు, 50 లక్షల వరకు జరిమానా, లేదా రెండూ. పైగా మీ సాక్ష్యాన్ని మీరే చెరిపేసుకున్నట్టు. ఫోను ఇంకెవరి చేతికీ ఇవ్వకుండా కవర్లో పెట్టి సీలు వేయండి. కమిషన్ ల్యాబుకు పంపాల్సి రావచ్చు.

ఫోను ఇచ్చినప్పుడు షాపు రాసిచ్చే జాబ్ కార్డు తీసుకోకపోవడం ఒక తప్పు, 20 నెలలు షాపు చుట్టూ తిరగడం అంతకంటే పెద్ద తప్పు. వినియోగదారుల చట్టం 69వ సెక్షన్ ప్రకారం గడువు రెండేళ్లు. ఫోను ఆ స్థితిలో మీ చేతికొచ్చిన రోజు నుంచే లెక్క. మీకు మిగిలింది నాలుగు నెలలు. నోటీసు పంపినా, "రేపు చూస్తాం" అని వాళ్లన్నా గడువు ఆగదు.

బిల్లు లేదని దిగులొద్దు. యూపీఐలో కట్టి ఉంటే ఆ చెల్లింపు కనిపించే బ్యాంకు స్టేట్‌మెంటు చాలు. షాపుతో వాట్సాప్ చాట్ ఉంటే దాన్ని చాట్ జరిగిన ఫోన్లోనే ఉంచి, ప్రింటుతోపాటు భారతీయ సాక్ష్య అధినియం 63(4) సెక్షన్ కింద ఎలక్ట్రానిక్ రికార్డుకు ఇచ్చే సర్టిఫికెట్ జతచేయండి. 500కి వేరే నంబరు ఎక్కిస్తామన్న మెసేజీ ఉంటే అదే మీకు పెద్ద బలం.

ఈ వారమే స్పీడ్ పోస్టులో 15 రోజుల నోటీసు ఇవ్వండి. షాపు కంప్యూటర్లోని ఫ్లాషింగ్‌లో ఏం చేశారో నమోదయ్యే లాగ్ ఫైళ్లు చెరపకూడదని అందులో రాయించండి. తర్వాత ఖమ్మం జిల్లా కమిషన్‌లోనే ఫిర్యాదు వేయొచ్చు, మీరు ఉండే చోట వేసే హక్కు చట్టమే ఇచ్చింది. మీరు చెల్లించిన మొత్తం చిన్నది కాబట్టి ఫిర్యాదుకు ఫీజు ఉండదు. 1,800 వాపసు, అధీకృత సర్వీస్ సెంటర్లో బాగు చేయించే ఖర్చు లేదా ఫోను విలువ, మానసిక వేదనకు పరిహారం అడగండి. ఫొటోలు తిరిగి ఇప్పించమని మాత్రం అడగొద్దు. ఫార్మాట్‌తో ఫొటోలను తెరిచే ఎన్‌క్రిప్షన్ తాళం కూడా పోయింది కాబట్టి, తెచ్చిస్తామనేవాళ్లకు డబ్బు కట్టకండి.