హోమ్‌బ్రూ అంటే సారా కాదమ్మా

మొన్న ఆదివారం గుడిలో ప్రసాదం లైన్లో నా ముందు నిలబడ్డ అమ్మాయి, వచ్చి నాలుగు నెలలైందిట, పులిహోర ప్లేటు పట్టుకుని మెల్లగా గొంతు తగ్గించింది. "అక్కా, మావాడు సిక్స్త్ గ్రేడ్. స్కూలయ్యాక ఏదో క్లబ్బులో పాచికలాడుతున్నాడు. నిన్న ఎవరితోనో 'నాది హోమ్‌బ్రూ' అంటుంటే విన్నాను. గూగుల్ చేస్తే ఇంట్లో కాచే బీరని వచ్చింది. ఆయనకింకా చెప్పలేదు."

చెప్పకపోవడమే మంచిదైంది. ఆ ఆట డంజన్స్ అండ్ డ్రాగన్స్. 1974లో గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ అనే ఇద్దరు అమెరికన్లు మొదలుపెట్టారు. నలుగురైదుగురు పిల్లలు బల్ల చుట్టూ కూర్చుని కథ అల్లుకుంటారు. డంజన్ మాస్టర్ అని ఒకరుంటారు, మన హరిదాసుగారనుకోండి. కాకపోతే ఇక్కడ వినేవాళ్లు మధ్యలో దూరి కథ మార్చేస్తుంటారు. గోడ దూకాలన్నా, రాక్షసుణ్ణి కొట్టాలన్నా ఇరవై ముఖాల పాచిక వెయ్యాలి. పెద్ద నంబరు పడితే పనవుతుంది. పాచికలనగానే మనకి శకుని గుర్తొస్తాడు గానీ ఇందులో పందెం లేదు, డబ్బు లేదు. పుస్తకంలో లేనిది ఆడేవాళ్లు సొంతంగా కల్పించుకుంటే దాన్నే హోమ్‌బ్రూ అంటారు. "నీ రేస్ ఏంటి?" అని ఒకళ్లనొకళ్లు అడగడం వినబడినా కంగారు పడకండి, ఒంటి రంగు గురించి కాదు, ఆటలో నువ్వే జాతివాడివని. 2024లో వచ్చిన పుస్తకంలో ఆ మాట తీసేసి స్పీసీస్ అని పెట్టారు.

ఈ పిల్లాడు కల్పించింది ఆకాశంలో బతికే జాతిని. తల్లి ఫోన్లో ఫోటో చూపించింది. గీతల నోట్‌బుక్ పేజీ, పెన్సిలు బొమ్మ. మేఘం మీద వరసగా డాబా ఇళ్లు, ప్రతి డాబా మీదా నల్లటి నీళ్ల ట్యాంకు. మేఘంలో కాపురమున్నవాళ్లకి నీళ్ల ట్యాంకెందుకో! మనుషులకి రెక్కలు. ఎన్నిసార్లు చెరిపి గీశాడో, రెక్కల దగ్గర కాగితం చిరిగి వెనక పేజీ కనిపిస్తోంది. కింద ఇంగ్లీషులో రాసుకున్నాడు: వీళ్లు నేలకి దిగరు, కిందివాళ్ల మాట వీళ్లకి అర్థం కాదు.

"భలే గీశాడక్కా" అంది వాళ్లమ్మ. ఆ వాక్యం ఇంకోసారి చదువమ్మా అన్నాను.

నేను ఒహాయో వచ్చి ఇరవై రెండేళ్లు. మా అమ్మాయి కూడా ఆ వయసులో ఇలాంటి క్లబ్బు పర్మిషన్ స్లిప్పే తెచ్చింది. సంతకం పెట్టలేదు, లెక్కల ట్యూషన్లో చేర్పించాను. ఆ ఏడాదంతా లంచ్ టైములో లైబ్రరీలో ఒక్కతే కూర్చునేదని పన్నెండో క్లాసులో ఎప్పుడో మాటల్లో బయటపెట్టింది. అందుకని చెప్తున్నా, సంతకం పెట్టండి. కొత్తగా వచ్చిన పిల్లాడు వారం వారం అవే నాలుగు మొహాలతో రెండు గంటలు మాట్లాడక తప్పని చోటు ఇంకెక్కడ దొరుకుతుంది? సాకర్‌లో మాట్లాడకపోయినా నడుస్తుంది, ఇందులో నడవదు.

ఖర్చు పెద్దగా ఉండదు. ఏడు పాచికల సెట్టొకటి కొంటే చాలు. బేసిక్ రూల్స్ ఆన్‌లైన్‌లో ఉచితం, లావు పుస్తకం కావాలంటే ముందు పబ్లిక్ లైబ్రరీలో అడగండి. క్లబ్బయ్యాక లేట్ బస్సుందో లేదో ఆఫీసుకి ఫోన్ చేసి కనుక్కోండి, మనమే వెళ్లి తెచ్చుకోవాల్సి రావచ్చు. స్నాక్స్ మీ వంతు వస్తే పల్లీ చిక్కీ పంపకండి. జంతికలు కూడా అడిగి పంపండి, నువ్వులుంటాయి కదా. 2023 నుంచి ఇక్కడ నువ్వుల్ని కూడా ముఖ్యమైన అలర్జీ పదార్థాల్లో కలిపారు. డిస్కార్డ్ అని ఆన్‌లైన్‌లో మాట్లాడుకునే యాప్ ఉంది, అందులో ఆడతానంటే మాత్రం పదమూడేళ్లు నిండాకే అనండి, వాళ్ల రూలే అది.

ఇంకో గొడవుంది. ఎగిరే జాతంటే చాలామంది డంజన్ మాస్టర్లు మొదటి లెవెల్లో, అంటే ఆట మొదట్లో, ఒప్పుకోరు. గొయ్యి తవ్వినా, వంతెన విరగ్గొట్టినా వీడు హాయిగా ఎగిరిపోతే ఇక ఆటేముంది? ఈ పిల్లాడికీ అదే జరిగింది. ముఖం మాడ్చుకుని ఇంటికొచ్చాడట.

ఇక్కడే మనం పనికొస్తాం. వాడికి ప్రవరుడి కథ చెప్పమన్నాను. సిద్ధుడు కాళ్లకి పసరు పూస్తే హిమాలయాలకి ఎగిరెళ్లాడు, మంచు కరిగి పసరు కాస్తా కొట్టుకుపోయేసరికి అక్కడే చిక్కుకుపోయాడు. (వీసా అయిపోయిన మొదటి తెలుగువాడని మా ఆయన జోకు.) రెక్కలు తీసేసి పసరు పెట్టుకో, తడిస్తే ఎగరలేవు, అప్పుడు మాస్టరుకీ అభ్యంతరముండదు. అది చాలకపోతే త్రిపురాలున్నాయి. నేల మీద ఇనుప ఊరు, గాల్లో వెండి ఊరు, స్వర్గంలో బంగారు ఊరు. వెయ్యేళ్లకోసారి మూడూ ఒకే వరసలోకొస్తాయి, అప్పుడు ఒక్క బాణంతో కొట్టాలి. ఏడాది పాటు ఆడుకోవడానికి సరిపడా సరుకు. మనవాళ్ల దగ్గర గంధర్వులూ విద్యాధరులూ మూలుగుతుంటే పిల్లలకి ఒక్క ముక్క చెప్పం, నిద్రపొమ్మని మాత్రం చెప్తాం.

బుధవారం వాళ్లమ్మ ఫోన్ చేసింది. పసరుకి మాస్టరు సరేనన్నాడట. పక్క సీటు పిల్లాడు మాత్రం పట్టుకున్నాడట, మేఘమంతా నీళ్లే కదా, మీవాళ్ల కాళ్లు తడవవా అని.

"ఏం చెప్పాడు?"

"నీళ్లన్నీ పిండి ట్యాంకుల్లో పోస్తారన్నాడక్కా."