సెల్ఫ్ వాటరింగ్ కుండీలో నీళ్లున్నా మొక్క వాడిపోతుంటే

కుండీ అడుగున నీళ్లుండే తొట్టి నిండుగా ఉన్నా మొక్క వాడుతోందంటే, ఆ నీళ్లను మట్టికి అందించే వత్తి (తాడు) సరిగా లాగట్లేదేమో. వేలు గుచ్చి చూడండి: మట్టి పొడిగా ఉంటే సంగతి ఇదే. చిత్తడిగా ఉంటే మాత్రం వేరుకుళ్లు (వేర్లు కుళ్లడం) కావచ్చు, దానికి ఈ చిట్కా పనికిరాదు.

1. మొక్కను మట్టిగడ్డతో సహా పైకి తీయండి. వత్తి పై కొస వేర్ల మధ్యకు వెళ్లాలి, కింది కొస తొట్టి అడుగుకు తగలాలి.

2. నూలు వత్తి జిగటగా, నల్లగా కనిపిస్తే కుళ్లినట్టే. పాలిస్టర్ తాడు వేయండి.

3. చాలామంది వదిలేసేది ఇక్కడే. పొడి వత్తి పెట్టి కింద నీళ్లు నింపేస్తారు. బాగా ఎండిన మట్టి అంత తేలిగ్గా తడి పట్టదు. వత్తిని నానబెట్టి తడిగానే అమర్చండి. తర్వాత పైనుంచి రెండు మూడు విడతలుగా, ఆగి ఆగి, మట్టి మొత్తం నానేదాకా పోయండి. ఆ తడి తెగకుండా ఉంటేనే కింది నీళ్లు పైకెక్కుతాయి.

4. తొట్టి అంచుదాకా నింపకండి, వేర్లకు గాలాడాలి.